పాళీ కింది పనితనం

ఫౌంటెన్ పెన్ను చూపించమంటే ఎవరైనా మూత తీసి పాళీ చూపిస్తారు. మెరిసేది అదే. తయారుచేసినవాళ్ల పేరు చెక్కేదీ దాని మీదే. బంగారమా, స్టీలా అని అడిగేదీ దాని గురించే. అదే పెన్నును వెల్లకిలా తిప్పి చూసేవాళ్లు తక్కువ. తిప్పితే, పాళీ పొట్టకు అతుక్కుని నల్లటి ముక్క ఒకటి కనిపిస్తుంది. బళ్లో దాన్ని నాలుక అనేవాళ్లం. పెన్నుల దుకాణాల్లో ఫీడ్ అంటారు. బయటికి లాగి చూస్తే చిటికెన వేలి పొడవు కూడా ఉండదు. పాళీకి ఆనుకునే వైపు నిలువునా ఒక గాడి. ఆ గాడి అడుగున దానికన్నా సన్నటి గాట్లు ఒకటో, రెండో, మూడో. చాలా పెన్నుల్లో పక్కలకు దువ్వెన పళ్లలా వరసగా కోతలు. అంతే. కదిలే భాగం ఒక్కటీ లేదు. స్ప్రింగు లేదు, మర లేదు, తెరుచుకుని మూసుకునే తలుపు లేదు.

ఈ ముక్క మీద పడ్డ బరువు మాత్రం చిన్నది కాదు. పాళీ కాగితానికి తగలగానే సిరా రావాలి. పైకెత్తగానే ఆగిపోవాలి. నిదానంగా రాసే చేతికి నిదానంగా, పరీక్ష హాల్లో ఉరుకులు పెట్టే చేతికి ఆ వేగంతోనే అందాలి. గొట్టం నిండుగా ఉన్నా, సిరా అడుగంటినా గీత ఒకే తీరుగా పడాలి. పాళీ నేలవైపు చూస్తూ వేలాడుతున్నా ఒక్క చుక్క జారకూడదు. సిరాను రప్పించడం పెద్ద పని కాదు. చిల్లున్న ఏ గొట్టమైనా ఆ పని చేస్తుంది. ఆపడంలోనే ఉంది పనితనమంతా. ఆపేది ఇరుకు. రప్పించేదీ ఆ ఇరుకే. ఒకే ఇరుకు చేత ఈ రెండు పనులూ చేయించినవాళ్ల చేతికి నేను దణ్ణం పెడతాను.

సన్నటి గాజుగొట్టాన్ని నీళ్లలో నిలబెడితే నీళ్లు తమంతట తామే అందులోకి ఎక్కుతాయి. ప్రమిదలో నూనె వత్తి కొసకు చేరేదీ, వానాకాలం గోడల్లోకి చెమ్మ పాకేదీ ఇందువల్లే. కేశనాళికీయత అన్న పేరుతో బడిలో అందరం చదువుకున్నదే. కానీ దీని గుట్టు తెలుసుకోవడానికి మహామహులకే చాలాకాలం పట్టింది. సన్నటి గొట్టం లోపల గాలి ఒత్తిడి తగ్గిపోవడం వల్ల నీళ్లు ఎక్కుతున్నాయని అనుకున్నవాళ్లున్నారు. 18వ శతాబ్దం మొదట్లో, న్యూటన్ అధ్యక్షుడుగా ఉన్న లండన్ రాయల్ సొసైటీలో ప్రయోగాలు చేసి చూపించే పని ఫ్రాన్సిస్ హాక్స్‌బీది. ఆయన గాలి తోడేసిన పాత్రలో ఈ ప్రయోగం చేశాడు. నీళ్లు మామూలుగానే ఎక్కాయి. కాబట్టి గాలికి ఇందులో పాత్ర లేదు. తర్వాత, లోపలి రంధ్రం ఒకే కొలత ఉండి గోడ మందం వేరువేరుగా ఉన్న గొట్టాలు తీసుకున్నాడు. రెండింట్లోనూ ఒకే ఎత్తుకు ఎక్కాయి. ఎంత మందం గాజున్నా పనిచేసేది నీటికి తగిలే ఆ లోపలి పొర ఒక్కటేనన్నమాట.

1718లో జేమ్స్ జురిన్ అనే వైద్యుడు లెక్క తేల్చాడు. రంధ్రం ఎంత సన్నబడితే నీళ్లు అంత ఎత్తుకు ఎక్కుతాయి. వ్యాసం సగమైతే ఎత్తు రెట్టింపు. శుభ్రమైన గాజుగొట్టం రంధ్రం ఒక మిల్లీమీటరు ఉంటే నీళ్లు సుమారు 3 సెంటీమీటర్లు ఎక్కుతాయి. మిల్లీమీటరులో పదో వంతుంటే 30 సెంటీమీటర్లు. గొట్టానికి బదులు రెండు పలకల మధ్య అంతే సందు ఉంచితే ఎత్తు అందులో సగం. జురిన్ ఇంకో సంగతి కూడా కనిపెట్టాడు. పెన్నుల వాళ్లకు పనికొచ్చేది అదే. నీటి పైతలం ఎక్కడ నిలిచి ఉందో అక్కడి ఇరుకే ఎత్తును నిర్ణయిస్తుంది. దాని కింద గొట్టం ఎంత వెడల్పుగా ఉన్నా లెక్కలోకి రాదు. అంచున వెంట్రుకంత సందు ఉంటే చాలు, వెనక ఉన్న వెడల్పాటి నీటి మొత్తాన్ని అది పట్టుకుని ఉండగలదు.

కారణం చెప్పుకోవాలంటే, నీటి అణువులు ఒకదాన్నొకటి లాక్కుంటాయి. గాజు వాటిని అంతకన్నా గట్టిగా లాక్కుంటుంది. అందుకని నీటి అంచు గోడను పట్టుకుని పాకుతుంది. తలతన్యత వల్ల నీటి పైతలం బిగించిన పొరలా ఉంటుంది కనక, పాకిన అంచు మధ్యలోని నీటిని కూడా వెంట తీసుకుపోతుంది. ఎక్కిన నీటి బరువు ఈ లాగుడుకు సరితూగిన చోట ఆగుతుంది. పాదరసానికి గాజు మీద అంత మక్కువ లేదు, అందుకని అది సన్నటి గొట్టంలో ఎక్కకపోగా చుట్టూ ఉన్న మట్టం కన్నా కిందికి దిగిపోతుంది. 1805లో థామస్ యంగ్, మరుసటి ఏడు లాప్లాస్ దీనికి పూర్తి గణితరూపం ఇచ్చారు. అంతటితో విషయం పాతబడిందనుకోవద్దు. 1901లో అచ్చయిన ఐన్‌స్టీన్ మొట్టమొదటి పరిశోధనా పత్రం కేశనాళికీయత మీదే.

పాదరసం సంగతి గుర్తుంచుకోవాలి. ఇరుకు ఒక్కటే ఉంటే చాలదు, ఆ ఇరుకు గోడలు తడవాలి. తడవని పదార్థంతో ఎంత సన్నటి గాడి కోసినా సిరా దాన్ని చూసి వెనక్కి తగ్గుతుంది.

ఇక పెన్నులోకి వద్దాం. గొట్టంలో సిరా ఎత్తు ఏడెనిమిది సెంటీమీటర్లకు మించదు. పాళీ కిందికి ఉన్నప్పుడు ఆ సిరా బరువంతా నాలుక మీదే. చూడబోతే జారిపోవాలి. జారదు, ఎందుకంటే గొట్టం పైభాగం గాలి చొరకుండా మూసి ఉంది. సిరా రవ్వంత దిగగానే లోపలి గాలి పలుచబడుతుంది, ఆ పలుచబడ్డ గాలి సిరాను మళ్లీ పైకి లాగి పట్టుకుంటుంది. ఏడు సెంటీమీటర్ల సిరాను నిలబెట్టడానికి కావలసిన తేడా గాలి ఒత్తిడిలో నూటికి ఒక వంతు కూడా కాదు. కానీ ఇదే స్థితి కొనసాగితే పెన్ను రాయదు. రాసేకొద్దీ లోపలి గాలి ఇంకా పలుచబడి, నాలుగు లైన్లు అయ్యేసరికి సిరా దిగడం మానేస్తుంది. కాగితం తాగిన సిరాకు బదులు లోపలికి గాలి వెళ్లాలి. ధారాళంగా వెళితే సిరా అంతా ఒక్కసారిగా కిందికి దిగిపోతుంది. అసలే వెళ్లకపోతే గీత ఎండిపోతుంది. ఒక్కో చిన్న బుడగ, దానికి సరిపడా సిరా, మళ్లీ ఒక బుడగ, ఇలా సాగాలి.

ఈ ఇచ్చిపుచ్చుకోవడాన్ని నమ్మకంగా నడిపించిన పెన్నుకు న్యూయార్క్‌లో లూయిస్ ఎడ్సన్ వాటర్‌మన్ 1884 ఫిబ్రవరి 12న పేటెంటు తీసుకున్నాడు. ఆయన బీమా ఏజెంటు. సిరా ఒలికి ఒక ఒప్పందం చేజారిందని, ఆ కసితో కొత్త పెన్ను చేశాడని కథ ఒకటి ప్రచారంలో ఉంది. ఆ కథ కన్నా ఆయన కోసిన గాడి నాకు ఎక్కువ ముచ్చటగొలుపుతుంది. గట్టి రబ్బరు ముక్కలో ఒక వెడల్పాటి గాడి, దాని అడుగున మరీ సన్నటి గాట్లు. సన్నటి గాట్లను సిరా ఎప్పుడూ వదలదు, ఇరుకు ఎక్కువ కనక అక్కడ దాని పట్టు ఎక్కువ. పైనున్న వెడల్పు గాడిలో పట్టు తక్కువ. లోపలి గాలి ఒక హద్దు దాటి పలుచబడినప్పుడు, బయటి గాలి ఆ వెడల్పు గాడిలోని సిరా పొరను చీల్చుకుని బుడగై లోపలికి జారుతుంది. ఆ క్షణంలో కూడా అడుగు గాట్లలో సిరా చెక్కుచెదరదు, పాళీకి అందుతూనే ఉంటుంది. ఒకే దారిలో సిరా కిందికి, గాలి పైకి, ఒకదానికొకటి అడ్డం రాకుండా. ఎంత ఒత్తిడికి బుడగ లోపలికి పోవాలో తేల్చేది ఆ గాడి వెడల్పే. కోతలో వెంట్రుకవాసి తేడా వస్తే ఒక పెన్ను కక్కుతుంది, ఇంకొకటి రాయనని మొండికేస్తుంది.

మన దగ్గర ఈ విద్యకు రాజమండ్రి పేరు. స్వదేశీ ఉద్యమ కాలంలో గాంధీజీ ప్రేరణతో కోసూరి వెంకటరత్నం గారు అక్కడ 1932లో పెన్నుల తయారీ మొదలుపెట్టారు. అన్ని భాగాలూ ఈ దేశంలోనే తయారైన పెన్నును అఖిల భారత గ్రామ పరిశ్రమల సంఘానికి చెందిన జె.సి. కుమారప్ప ద్వారా గాంధీజీకి పంపారు. అందుకు గాంధీజీ 1935 జూలై 16న ధన్యవాదాలు చెబుతూ, వాడి చూశానని, బాగుందని ఉత్తరం రాశారు. రత్నం పెన్నుల చరిత్ర చెప్పేవాళ్లు ఈ ఉత్తరం దగ్గర ఆగిపోతుంటారు. నాకు మాత్రం ఆ ఉత్తరానికి ముందు జరిగిన పని మీదే ధ్యాస. పెన్ను గొట్టం తయారుచేయడం లేత్ మీద చెయ్యి తిరిగినవాడికి అసాధ్యం కాదు. సిరాను అదుపుగా అందించే నాలుకను, సమంగా చీలిన పాళీని పెద్ద ఫ్యాక్టరీ యంత్రాలు లేకుండా గోదావరి ఒడ్డున ఒక చిన్న వర్క్‌షాపులో సాధించడం మామూలు విషయం కాదు. బయటికి ఎంత అందంగా ఉన్నా, గాంధీజీ చేతిలో అది ఉత్తరాల మీద ఉత్తరాలు రాయవలసిన పెన్ను.

చేతితో చేసే పెన్నులకు ఎబొనైట్ కడ్డీలు వాడతారు. సహజ రబ్బరులో గంధకం కలిపి ఉడికిస్తే రబ్బరు గట్టిపడుతుంది. టైర్లకు కొద్దిపాటి గంధకం చాలు. ఎబొనైట్‌కైతే బరువులో మూడో వంతు దాకా కలుపుతారు, అప్పుడు అది సాగడం పూర్తిగా మానేసి కొమ్ములాగా గట్టిపడుతుంది. లేత్ మీద పెడితే సన్నటి తొక్కలుగా ఊడి వస్తుంది. మరలు శుభ్రంగా పడతాయి. సానపడితే అద్దంలా నునుపుదేలుతుంది. వేడి దానిగుండా తొందరగా పాకదు. ఎండలో ఉంచితే నలుపు గోధుమరంగుకు తిరుగుతుంది, అది దాని బలహీనత. నాలుకకు ఎబొనైటే ఎందుకంటే పెన్నుల వాళ్లు రెండు కారణాలు చెబుతారు. రంపం పళ్లు కోసిన గాడిలో కంటికి ఆనని గరుకు మిగులుతుంది, ఆ గరుకును సిరా ఇట్టే తడుపుతుంది. అచ్చులో పోసిన ప్లాస్టిక్ నాలుక నున్నగా ఉంటుంది కనక దాన్ని తడిసేలా చేయడానికి రసాయనాలతో విడిగా శుద్ధి చేయాలి. రెండోది, ఎబొనైట్ వేడికి లొంగుతుంది.

ఈ రెండో గుణం వల్లే చేతిపని ఇందులో ఇంకా మిగిలి ఉంది. పాళీ ఒక వంపు, నాలుక ఒక వంపు. రెండూ ఎక్కడికక్కడ అతుక్కుని ఉండాలి. మధ్యలో సందు ఉంటే సిరా అక్కడే నిలిచిపోతుంది, ఎందుకంటే వెడల్పు సందులోంచి సన్న సందులోకి పోవాలంటే రెండూ ఒకదానికొకటి తాకుతూ ఉండాలి. తెగిన దారిని ఏ ఆకర్షణా దాటించలేదు. అందుకని పనివాడు పాళీని, నాలుకను పెన్నులో బిగించి, ఆ కొసను మరుగుతున్న నీళ్లలో ముంచుతాడు. ఎబొనైట్ మెత్తబడగానే బొటనవేలితో నాలుకను పాళీకేసి నొక్కి, చల్లబడేదాకా అలాగే పట్టుకుంటాడు. ఆ పాళీకి ఆ నాలుక ఒదిగిపోతుంది. ఇంకో పాళీకి అది అంత బాగా అతకదు. ఒక్కో పెన్నుకు జత కుదిర్చే ఈ పని చూడ్డానికి రెండు నిమిషాలదే. కానీ ఎంత నొక్కాలో వేలికి తెలిసి ఉండాలి. ఎక్కువ నొక్కితే పాళీ కొనలు విచ్చుకుంటాయి.

ఆ కొనల సంగతి వేరే చెప్పుకోవాలి. పాళీ మొన మీద గట్టి లోహపు గుండు ఒకటి అతుకుతారు, కాగితం మీద అరగకుండా. ఆ తర్వాత పలుచటి రాపిడి చక్రంతో గుండును కూడా రెండుగా చీలుస్తూ పాళీని నిలువునా కోస్తారు. ఆ చీలికే సిరా నడిచే ఆఖరి దారి. పాళీ మధ్య చిల్లు దగ్గర కాస్త వెడల్పుగా మొదలై, మొన దగ్గరికి వచ్చేసరికి రెండు కొనలూ దాదాపు ఆనుకునేంతగా సన్నబడాలి. మంచి పాళీని వెలుతురుకు ఎదురుగా పెట్టి భూతద్దంతో చూస్తే, చీలికలో వెలుగు గీత కిందికి దిగేకొద్దీ సన్నబడి మొన దగ్గర మాయమవుతుంది. మొనలో ఇరుకు అన్నిచోట్ల కన్నా ఎక్కువ కాబట్టి సిరా వచ్చి అక్కడ కాపు కాస్తుంది. రాత్రంతా మూతలో ఉన్నా మొదటి అక్షరం మొదటి గీతతోనే పడుతుంది.

సిరా సరిగా రావడం లేదని బడిపిల్లలు చీలికలో బ్లేడు పెట్టి ఆడించేవారు. ఆ పూటకు సిరా పొంగేది. కొనలు విచ్చుకోవడంతో మొనలోని ఇరుకు పోయి, సిరా అక్కడ నిలవడం మానేసి వెనక్కి జరిగేది. మర్నాటి నుంచి పెన్ను ఒకసారి మరక వేసేది, ఒకసారి విదిలిస్తేగానీ రాసేది కాదు. చిల్లు వైపు వెడల్పు, మొన వైపు ఇరుకు ఉండాల్సింది తలకిందులైపోవడమే అందుకు కారణం. గుండును మరీ గుండ్రంగా అరగదీసినా ఇలాంటి తంటాయే. చీలిక నిండా సిరా ఉంటుంది, కానీ దాని అంచు కాగితాన్ని తాకదు. సానపెట్టేవాడు నునుపు కోసం రెండు తిప్పులు ఎక్కువ తిప్పితే చాలు, ఇలా అవుతుంది. ఎక్కడ ఆపాలో తెలిసిన చెయ్యే మంచి చెయ్యి.

మొత్తం మీద పెన్నంటే ఇరుకుల మెట్లదారి. గొట్టం కన్నా నాలుక గాడి ఇరుకు, దానికన్నా అడుగు గాట్లు, వాటికన్నా పాళీ చీలిక, చీలికలోనూ మొన. సిరా ఎప్పుడూ తక్కువ ఇరుకు నుంచి ఎక్కువ ఇరుకుకు నడుస్తుంది. ఒక్క మెట్టు వరస తప్పినా నడక ఆగుతుంది.

పక్కలకున్న ఆ దువ్వెన కోతలు ఎందుకు? పెన్ను కక్కకుండా ఉండటానికి. చొక్కా జేబు మీద నీలి మరక చూసుకోని తరం కాదు మాది. రాజమండ్రి పెన్నుల్లో చాలావాటికి గొట్టమే సిరాబుడ్డి. మర విప్పి ఫిల్లరుతో నేరుగా గొట్టంలోకే పోస్తారు. 3 మిల్లీలీటర్లు పట్టే గొట్టంలో ఒక వంతు సిరా, రెండు వంతులు గాలి ఉన్నాయనుకుందాం. పెన్నును చేత్తో పట్టుకున్నాక లోపలి గాలి 27 డిగ్రీల నుంచి 34 డిగ్రీలకు వేడెక్కితే నూటికి రెండు వంతులకు పైగా ఉబ్బుతుంది. 2 మిల్లీలీటర్ల గాలి ఆ లెక్కన సుమారు 0.05 మిల్లీలీటరు పెరుగుతుంది. అంత సిరాను బయటికి తోస్తుంది. అది దాదాపు ఒక చుక్క. గొట్టం నిండుగా ఉండి గాలి కాసింతే ఉంటే చుక్కలో చిన్న వంతు మాత్రమే వస్తుంది. అందుకే ఈ పెన్నులు అడుగంటినప్పుడే కక్కుతాయి. అందుకే మన వాళ్లు గొట్టం గోడలు మందంగా ఉంచుతారు, ఎబొనైట్ వేడిని మెల్లగా పోనిస్తుంది కాబట్టి.

ఆ చుక్కకు చోటు చూపించేవి ఆ కోతలు. వాటి సందులు సిరా గాట్ల కన్నా వెడల్పు. కాబట్టి మామూలప్పుడు సిరా వాటిలోకి పోదు, ఖాళీగా ఉంటాయి. లోపలి నుంచి తోపుడు వచ్చినప్పుడు మాత్రం పొంగిన సిరా వాటిలో ఇరుక్కుని నిలుస్తుంది. రాయడం మొదలుపెట్టగానే పాళీ ముందుగా ఆ సందుల్లోని సిరానే తాగుతుంది, అక్కడి పట్టు తక్కువ గనక. మళ్లీ ఖాళీ అవుతాయి. ఎవరూ తెరవక్కర్లేదు, ఎవరూ మూయక్కర్లేదు. సందు కొలతల తేడాతోనే నిల్వ, వాడకం రెండూ నడుస్తాయి.

ఇదే బాధకు అమెరికాలో జార్జ్ పార్కర్ 1894లో ఇంకో మందు కనిపెట్టాడు. జేబులో నిలువుగా ఉన్నప్పుడు కూడా నాలుక గాడిలో సిరా నిలిచే ఉంటుంది. ఒంటి వేడికి గొట్టంలోని గాలి ఉబ్బి ఆ నిలిచిన సిరాను మూతలోకి నెడుతుంది. ఆయన నాలుక వెనక తోకను వంచి, దాని కొస గొట్టం గోడకు ఆనేలా చేశాడు. తోకకు, గోడకు మధ్య ఏర్పడిన ఇరుకు గాడిలోని సిరాను గొట్టంలోకి లాగేస్తుంది. గాడి ఖాళీ అయితే గాలికి దారి దొరుకుతుంది, సిరాను తోయదు. లక్కీ కర్వ్ పేరుతో ఆ పెన్నులు ఏళ్ల తరబడి అమ్ముడుపోయాయి. 1941లో వచ్చిన పార్కర్ 51లో దువ్వెన కోతలను ఎంతో దట్టంగా కోసి, పాళీతో సహా తొడుగు కింద దాచేశారు.

1956లో పార్కర్ సంస్థే పార్కర్ 61 తెచ్చింది. కేశనాళికీయతను పూర్తిగా నమ్ముకున్న పెన్ను అది. సిరా పీల్చడానికి రబ్బరు సంచీ లేదు, పిస్టన్ లేదు. వెనక భాగంలో పలుచటి ప్లాస్టిక్ రేకును చుట్టలా చుట్టి పెట్టారు. ఆ చుట్టల మధ్య సన్నటి సందులు. పెన్నును తలకిందులుగా, అంటే పాళీ పైకి ఉండేలా, వెనక కొసను సిరాబుడ్డీలో ముంచితే ఒక నిమిషం లోపే సిరా తనంతట తానే ఎక్కుతుంది. బయటికి తీస్తే తుడవాల్సిన పని కూడా పెద్దగా ఉండదు, ఎందుకంటే పైతొడుగుకు టెఫ్లాన్ పూశారు. లోపల తడిసే గోడ, బయట తడవని గోడ. ప్రకృతి సూత్రాన్ని రెండు వైపుల నుంచీ వాడుకున్న ఆ ఊహ ఎంత మెచ్చుకున్నా తీరదు. కానీ వాడకంలో అది నెగ్గలేదు. కొన్నాళ్లు పక్కన పెడితే ఆ సందుల్లో సిరా ఎండి గట్టిపడుతుంది, చుట్ట లోపలికి చెయ్యి పోదు, బ్రష్షు పోదు. చివరికి మామూలు కార్ట్రిడ్జికి మారారు. నా మటుకు నాకు రాజమండ్రి ఎబొనైట్ నాలుకే గొప్పది. లాగితే ఊడి వస్తుంది, గోరువెచ్చటి నీళ్లలో కడిగితే గాట్లు తెరుచుకుంటాయి, మళ్లీ తోస్తే కూర్చుంటుంది. బాగుచేసుకునే వీలున్న ఇరుకు అది.

మెట్లదారిలో ఆఖరి మెట్టు పెన్నులో లేదు, కాగితంలో ఉంది. కాగితమంటే నార పోగుల అల్లిక, పోగుల మధ్య కోటానుకోట్ల సందులు. పాళీ మొన కన్నా వాటి ఇరుకు ఎక్కువ కాబట్టే సిరా మొన వదిలి కాగితానికి దిగుతుంది. ఆ లాగుడు మితిమీరితే గీత అంచులు పాకి అక్షరం అలుక్కుపోతుంది. అద్దుడు కాగితం మీద రాయబోయినవాళ్లకు తెలుసు. రాసుకునే కాగితానికి గంజి వంటివి పట్టించి ఆ సందుల ఆకలి తగ్గిస్తారు. సందుల్లో సిరా పాకే తీరుకు 1921లో ఎడ్వర్డ్ వాష్‌బర్న్ లెక్క కట్టాడు. దూరం రెట్టింపు కావాలంటే కాలం నాలుగు రెట్లు పడుతుంది. మొదటి క్షణంలోనే ఎక్కువగా పాకుతుందన్నమాట. పాళీని ఒకే చోట ఆపిన మరుక్షణమే చుక్క ఎందుకు ఊరుతుందో ఇందులో ఉంది.

ఈ ఆఖరి మెట్టును, గుడ్డ మీద బొమ్మలు గీసే మన శ్రీకాళహస్తి కలంకారీ పనివాళ్లు ఫౌంటెన్ పెన్ను పుట్టక ముందే అదుపులోకి తెచ్చుకున్నారు. వాళ్ల కలం వెదురు పుల్ల. మొన చెక్కి, దానికి కాస్త పైన ఉన్నో గుడ్డో ఉండలా చుట్టి దారంతో బిగిస్తారు. ఉండను రంగులో ముంచితే పోగుల సందుల్లో రంగు నిలుస్తుంది. గీసేటప్పుడు వేళ్లతో ఉండను మెత్తగా నొక్కుతూ మొనకు రంగు అందిస్తారు. ఆపడం ఉండ పని, వదలడం వేళ్ల పని. నల్లరంగుకు ఇనుప ముక్కలను బెల్లం నీళ్లలో వారాల తరబడి పులియబెట్టి కసిమి చేస్తారు. కరక్కాయ పట్టించిన గుడ్డ మీద అది పడగానే కరక్కాయలోని టానిన్‌తో ఇనుము కలిసి నల్లబడుతుంది. పడమటి దేశాల పాత సిరా నలుపు కూడా ఈ రసాయనమే. అయితే నూలు గుడ్డ మీద నీళ్ల లాంటి రంగుతో వెంట్రుకంత గీత గీస్తే, పాకకుండా ఎలా నిలుస్తుంది? కరక్కాయతో పాటు గేదెపాలు కూడా పట్టించి ఎండబెడతారు. పాలలోని కొవ్వు నూలు పోగులను పట్టుకుని, వాటి తడిసే గుణాన్ని తగ్గిస్తుంది. రంగు గీసిన చోటే ఉంటుంది. నెమలి పింఛంలో ఒక్కొక్క ఈక విడివిడిగా కనిపించడం ఆ పాల చలవే. తలతన్యత, కేశనాళికీయత అన్న మాటలు లేకుండానే, ఇరుకును, తడిని రెండింటినీ విడివిడిగా సరిచేయడం వాళ్లకు చేతనైంది.

ఇక రాజమండ్రి వెళ్లి పెన్ను కొనేవాళ్లు పాళీ మెరుపు చూసి మోసపోకుండా నాలుకను పరీక్షించాలి. గొట్టం మూడో వంతు మాత్రమే నింపమనండి. అరచేతిలో కాసేపు వెచ్చగా పట్టుకుని, పాళీని కిందికి వేలాడదీసి చుక్క ఊరుతుందేమో చూడండి. తర్వాత చెయ్యి ఎత్తకుండా పేజీ నిండా గబగబా రాయండి. చివరి లైను మొదటి లైనంత చిక్కగా ఉండాలి. మూత పెట్టి, ఊళ్లో ఇంకో పని చూసుకుని వచ్చి, విదిలించకుండా ఒక అడ్డగీత, ఒక నిలువుగీత గీయండి. రెండూ మొదలు నుంచీ పడితే కొనుక్కోండి. అడ్డగీత మొదట్లో తెల్లగా పోతే పనివాడికే చూపించండి. అతను భూతద్దంతో చీలిక చూసి, పాళీని నాలుకతో సహా వేడినీళ్లలో ముంచి, బొటనవేలితో మళ్లీ ఒకసారి నొక్కి ఇస్తాడు.